ఇద్దరు చందమామల పంచాంగం

(కాల్పనిక రచన గురించి జరిగిన ఒక సదస్సులో చేసిన ప్రసంగానికి అక్షర రూపం)

సభకు నమస్కారం.

చంద్రులు ఒకరికి మించి ఉన్న లోకానికి కాలగణన ఎలా కల్పించుకోవాలో చెప్పమని నిర్వాహకులు నన్ను అడిగారు. నేను ఖగోళశాస్త్రం చదువుకున్నవాణ్ణి కాను, పంచాంగ గణితాన్ని గురువు దగ్గర కూర్చుని నేర్చుకున్నవాణ్ణీ కాను. ఒక నవల రాసే ఉత్సాహంలో ఆకాశాన ఇద్దరు చంద్రుల్ని వేలాడదీసి, ఆ తర్వాత వాళ్లిద్దరికీ లెక్క కుదర్చడానికి రెండేళ్ల పాటు కాగితాలు ఖరాబు చేసినవాణ్ణి. కనుక ఈ పూట సిద్ధాంతం తక్కువగానూ, ఆ కాగితాల్లో దొర్లిన తప్పులు, వాటి దిద్దుబాట్లు ఎక్కువగానూ మాట్లాడతాను.

ఆ నవలలోని సీమ పేరు ఏడుమెట్లు. కొండ నెత్తి నుంచి సముద్రం దాకా ఏడు అంచెలుగా దిగే నేల కాబట్టి ఆ పేరు. అక్కడి జనం పెద్ద చంద్రుణ్ణి పెదమామ అనీ, చిన్న చంద్రుణ్ణి చినమామ అనీ పిలుస్తారు. పాలకడలిలో లక్ష్మితో పాటు పుట్టాడు కనుక ఆ తల్లికి తోబుట్టువనీ, అందుకే మనకు మామ అయ్యాడనీ మన పెద్దలు చెబుతారు. తల్లికి ఇద్దరు తోబుట్టువులుంటే పిల్లలు పెదమామ, చినమామ అనే కదా అంటారు. పేర్ల కోసం నేను ఇంతకంటే కష్టపడలేదు. కష్టమంతా అంకెల దగ్గర వచ్చింది.

మొదటి చిత్తుప్రతిలో నేను ఏడాదికి 360 రోజులు పెట్టాను. పెదమామ 30 రోజులకు ఒకసారి నిండేవాడు, చినమామ 12 రోజులకు ఒకసారి. చూడటానికి ముచ్చటగా ఉంది, భాగహారం నిశ్శేషంగా పోతోంది, నాకేమో ఏదో సాధించానన్న తృప్తి. నాలుగో అధ్యాయంలో ఒక ముసలావిడ మనవరాలితో, తన పెళ్లినాటి రాత్రి ఇద్దరు మామలూ ఒకేసారి నిండారనీ, అలాంటి రాత్రిని మళ్లీ తన జన్మలో చూడలేదనీ చెప్పి కన్నీళ్లు పెట్టుకుంటుంది. లెక్కల మాస్టారుగా పనిచేసి విరమించిన నా మిత్రుడొకాయనకు ఆ ప్రతి చదవమని ఇచ్చాను. ఆ పేజీ అంచున ఆయన పెన్సిలుతో ఒకే ఒక్క ముక్క రాసి తిప్పి పంపారు: "30, 12 — క.సా.గు. 60". అంటే అరవై రోజులకు ఒకసారి ఇద్దరు మామలూ కలిసి నిండుతారని. ఫోను చేస్తే, ఆవిడకు పెళ్లయి ఎన్నేళ్లయిందని అడిగారు. యాభై అన్నాను. ఏడాదికి ఆరు చొప్పున మూడు వందల సార్లు ఆ దృశ్యం నెత్తి మీద జరిగితే ఒక్కసారీ తలెత్తి చూడలేదా, పాపం ఆవిడకు చూపు ఆనదా అని అడిగారు. (సభలో నవ్వులు.)

అంకెలు నిశ్శేషంగా పోయే లోకంలో పంచాంగంతో పని ఉండదని నాకు అప్పుడు తెలిసింది. అక్కడ గోడ మీద ఒక పట్టిక గీస్తే చాలు, అది కల్పాంతం దాకా చెల్లుతుంది. పంచాంగం చెప్పేవాడు, అతని మాటకు ఎదురు చెప్పేవాడు, పండుగ ఏ రోజని ఇంటింటా తగవు, ఇవన్నీ మిగులు ఉన్న చోటే పుడతాయి. నేను ఆ మిగులును దాచేసి, దాని మీద కథ కట్టాలని చూశాను.

మన సంగతే చూడండి. చంద్రుడు ఒక అమావాస్య నుంచి మరొక అమావాస్యకు రావడానికి సగటున 29.53 రోజులు పడుతుంది. అలాంటివి పన్నెండు కలిపితే 354.37 రోజులు, సూర్యుడి ఏడాది 365.24 రోజులు. ఏటా దాదాపు పదకొండు రోజుల మిగులు. ఆ మిగులును ఏం చేయాలన్న ప్రశ్నకు మన ఊళ్లలోనే రెండు జవాబులు పక్కపక్కన నడుస్తున్నాయి. మన చాంద్రమానం సుమారు ముప్పై రెండున్నర నెలలకు ఒకసారి అధికమాసం వేసి పండుగలను ఋతువులకు కట్టి ఉంచుతుంది. 2023లో అధిక శ్రావణం, 2026లో అధిక జ్యేష్ఠం అలా వచ్చినవే. హిజ్రీ లెక్క ఆ మిగులును ముట్టుకోదు, అందుకే పీర్ల పండుగ ఒక ఏడు ఎండల్లో, కొన్నేళ్లకు చలిలో వస్తూ, సుమారు ముప్పై మూడేళ్లకు ఏడాది మొత్తం చుట్టి వస్తుంది. రెండింటిలో ఏదీ తప్పు కాదు. ఏది కదలకూడదో ఎవరికి వారు తేల్చుకున్నారు, అంతే.

ఆ మిగులు లోపల కొన్ని దాగిన పొంతనలు కూడా ఉంటాయి. 19 సౌర సంవత్సరాలకు 235 చాంద్రమాసాలు దాదాపు సరిగ్గా సరిపోతాయి. తేడా రెండు గంటల పాటిది. మా ఇంట్లో పుట్టినరోజు తిథిని బట్టే. అమ్మ తలంటి పోసే రోజూ, బడి రిజిస్టరులోని తేదీ ఒకటి కాకపోవడం నాకు చిన్నప్పుడు పెద్ద అన్యాయంగా తోచేది. పందొమ్మిదో ఏట ఆ రెండూ ఒకే రోజున పడ్డాయి. ముప్పై ఎనిమిదో ఏట మళ్లీ కలిశాయి. ఒక్క చంద్రుడితోనే ఇంత కథ నడుస్తున్నప్పుడు ఇద్దరు చంద్రుల్ని పెట్టి అందులో ఏమీ జరగకుండా చేయడానికి నిజంగానే ప్రతిభ కావాలి, అది నాకు ఉండింది.

రెండో ప్రయత్నంలో మాస్టారిని పక్కన కూర్చోబెట్టుకున్నాను. ఏడాదికి 372.6 రోజులు, పెదమామ పున్నమి నుంచి పున్నమికి 33.1 రోజులు, చినమామకు 13.4 రోజులు అని నిర్ణయించుకున్నాం. ఇవి సగటు అంకెలు మాత్రమే. కక్ష్యలు కోలగా ఉంటాయి కనుక నిజమైన ఆకాశంలో వేగం మారుతూ ఉంటుంది, మన తిథి కూడా ఒకప్పుడు 19 గంటలకే ముగిసి ఒకప్పుడు 26 గంటల దాకా సాగేది అందుకే. నవలకు సగటు చాలు.

ఇక్కడ చాలామంది పొరబడే చోటొకటి ఉంది. ఇద్దరు చంద్రులు ఆకాశంలో ఒకరి పక్కకు ఒకరు రావడం వేరు, ఇద్దరూ ఒకే రాత్రి నిండటం వేరు. చినమామ వేగంగా తిరుగుతూ 22.5 రోజులకు ఒకసారి పెదమామను దాటిపోతాడు. కానీ ఆ దాటడం నెలవంకల దగ్గర జరగవచ్చు, పట్టపగలు జరగవచ్చు. ఇద్దరూ పూర్ణబింబాలుగా ఒకే రాత్రి కనిపించే జంటపున్నమి కావాలంటే పెద్దనెలల మొత్తమూ చిన్ననెలల మొత్తమూ ఒకచోట కలవాలి. రెండు పెద్దనెలలు 66.2 రోజులు, అయిదు చిన్ననెలలు 67 రోజులు. దాదాపు ఒక రోజు ఎడం ఉంది కనుక ఇది ఓరజంట మాత్రమే. 17 పెద్దనెలలు 562.7 రోజులు, 42 చిన్ననెలలు 562.8 రోజులు, ఇది అసలైన జంట. కానీ ఆ 0.1 రోజు పేరుకుంటూ పోతుంది కాబట్టి ఏడుసార్లు 17 నెలల ఎడం నడిచాక, ఎనిమిదోసారి 15 నెలలకే జంటపున్నమిని పట్టుకోవలసి వస్తుంది. ఏడు పదిహేడులు 119, దానికి 15 కలిపితే 134 పెద్దనెలలు, అంటే 4435.4 రోజులు, చినమామ వైపు నుంచి 331 చిన్ననెలలు లెక్కిస్తే కూడా సరిగ్గా అన్నే రోజులు. ఏళ్లలో చెబితే 11.9.

ఆ 11.9 అన్న అంకె కాగితం మీద పడినప్పుడు మాస్టారు పెన్సిలు కింద పెట్టి, "ఇది పుష్కరం కదయ్యా" అన్నారు. బృహస్పతి రాశిచక్రాన్ని ఒకసారి చుట్టడానికి పట్టేది కూడా 11.86 ఏళ్లు. మేము కోరి పెట్టింది కాదు. ఎక్కడా నిశ్శేషం కాకుండా అంకెలు ఏరుకుంటే మనవాళ్లకు పరిచయమున్న చక్రం దానంతట అదే ఎదురువచ్చింది. ఏడుమెట్ల సీమలో దీన్ని జంటచుట్టు అంటారు. ఆ ఎనిమిదో ఎడాన్ని, అందరూ అనుకున్నదానికంటే రెండు నెలలు ముందుగా వచ్చిపడే దాన్ని, పొట్టిజంట అంటారు. పొట్టిజంట ఏ ఏడు వస్తుందో ముందుగా చెప్పగలిగేవాడే అక్కడ పంచాంగకర్త.

ఇందులోంచే నా ముసలావిడ సమస్యకు కూడా జవాబు దొరికింది. జంటపున్నముల మధ్య ఎడం ఏడాదిన్నరకు దగ్గరగా ఉంది కనుక ఒకటి ఒక ఋతువులో వస్తే తర్వాతది దానికి ఎదుటి ఋతువులో వస్తుంది. ఎనిమిది జంటలకు పన్నెండేళ్లు పట్టాలి, కానీ 4435 రోజులకే ముగిసిపోతున్నాయి, అంటే ప్రతి చుట్టుకూ 36 రోజులు వెనక్కి జరుగుతున్నాయి. సుమారు 31 ఏళ్లలో ఏడాదిలో పావువంతు వెనక్కి జరిగి, 62 ఏళ్లకు మళ్లీ మొదటి ఋతువుల జత దగ్గరికి చేరతాయి. అవ్వ పెళ్లీడుకు జంటపున్నమి మామిడిపూత మీదా, నడివానల్లోనూ వచ్చేది; అమ్మ పెళ్లీడుకు మండుటెండల్లోకీ, తొలిచలిలోకీ మారింది; మనవరాలి పెళ్లీడుకు తిరిగి మామిడిపూత మీదికి వచ్చింది. (ఆ లోకంలో మామిడి ఎక్కడిదని అడగకండి, ఉంది.) అవ్వకూ మనవరాలికీ తెలిసిన రాత్రి మధ్యలో ఉన్న అమ్మకు తెలియదు. ఆవిడ కన్నీళ్లకు ఇప్పుడు కారణం ఉంది. అధ్యాయం మొత్తం తిరగరాశాను.

మొదట్లో నాకు ముగ్గురు చంద్రులు ఉండేవారు. మూడోవాడు ఏడాదికి ఒక్కసారే నిండే ముసలి చంద్రుడు, అతని పున్నమి నాడు సంవత్సరాది. అతన్ని తీసేయవలసి వచ్చింది. గ్రహానికి దూరమయ్యే కొద్దీ చంద్రుడి మీద గ్రహం పట్టు సడలి సూర్యుడి లాగుడు పెరుగుతుంది. మన భూమి పట్టు సుమారు 15 లక్షల కిలోమీటర్ల దాకా ఉంటుంది; అయితే గ్రహం తిరిగే దిశలోనే తిరిగే చంద్రుడు చిరకాలం నిలవాలంటే అందులో సగం దూరం లోపలే, ఇంకా క్షేమంగా ఉండాలంటే మూడోవంతు లోపలే తిరగాలి. దీన్ని కెప్లర్ మూడో నియమంతో కాలంలోకి మార్చితే అలాంటి చంద్రుడి చుట్టుకాలం ఏడాదిలో అయిదోవంతుకు మించకూడదనీ, తొమ్మిదోవంతు లోపల ఉంటే భయం లేదనీ తేలుతుంది. మన చంద్రుడు 27.3 రోజులతో పదమూడోవంతు దగ్గర హాయిగా ఉన్నాడు. ఏడాదికి ఒక్కసారే నిండేంత నిదానంగా తిరిగే ముసలి చంద్రుడు మాత్రం ఎప్పుడో దారి తప్పి పోయి ఉండేవాడు. మంత్రశక్తితో నిలిచాడని రాసుకోవచ్చు, కానీ నాకు మనసొప్పలేదు.

మరీ దగ్గరైనా చిక్కే. అంగారకుడి చంద్రుల్లో ఫోబోస్ 7 గంటల 39 నిమిషాల్లో ఒక చుట్టు తిరిగేస్తుంది. గ్రహం తన చుట్టూ తాను తిరిగేదానికంటే అది వేగం కనుక అక్కడ నిలబడి చూసేవాడికి పడమట ఉదయించి తూర్పున అస్తమిస్తుంది. దానితో నెలలు ఏం కడతాం? 1985లో థామస్ గాంగేల్ అంగారకుడి కోసం డేరియన్ అనే క్యాలెండరు తయారుచేసినప్పుడు 668.6 అంగారక దినాల ఏడాదిని 24 నెలలుగా పంచారు. ఆ నెలలకు అక్కడి చంద్రులతో సంబంధం లేదు. ముగ్గురు చంద్రులు కావాలని పట్టుబట్టేవారికి గురుగ్రహం ఇచ్చే హెచ్చరిక ఇంకొకటి. దాని చంద్రుల్లో అయో 1.77 రోజులు, యూరోపా 3.55 రోజులు, గానిమీడ్ 7.15 రోజులు, ఒకటి, రెండు, నాలుగు అన్నంత పొందికగా తిరుగుతాయి. ఇంత పొందిక ఉంటే ముగ్గురూ తరచుగా ఒక వరుసకు వస్తారని అనుకుంటాం, కానీ ఆ పొందిక స్వభావమే ఎలాంటిదంటే ఆ మూడూ గ్రహానికి ఒకే పక్కన ఒకే వరుసలో ఎన్నడూ నిలవవు. మూడు పున్నములు కలిసే రాత్రి మహాశక్తి మేల్కొంటుందని కథ రాసి, చంద్రులకు ఈ నిష్పత్తే పెట్టుకున్నామంటే ఆ శక్తి ఎప్పటికీ నిద్రలేవదు.

ఇప్పుడు మనుషుల దగ్గరికి వస్తాను. ఏడుమెట్లలో పై మెట్ల వాళ్లు రైతులు. వాళ్లకు పెదమామే లెక్క: వెలుతురు ఎక్కువ, రాత్రి కుప్ప నూర్చుకోవడానికి పనికొస్తాడు. పదకొండు పెద్దనెలలు 364.1 రోజులు, ఏటా ఎనిమిదిన్నర రోజుల మిగులు, అందుకని దాదాపు నాలుగేళ్లకు ఒకసారి ఒక నెల కలుపుకుంటారు. కింది మెట్టు వాళ్లు సముద్రం మీద బతికేవాళ్లు, వాళ్లకు చినమామే దేవుడు. ఆటుపోటుల బలం దూరం యొక్క ఘనాన్ని బట్టి తగ్గుతుంది కనుక, బరువులు సమానమనుకుంటే, దగ్గరగా తిరిగే చినమామ పెదమామకు అయిదున్నర రెట్ల పోటు లేపుతాడు. బరువులో అయిదోవంతే ఉన్నా పెదమామకు ఏమాత్రం తీసిపోడు. వలలు ఎప్పుడు దించాలో, పడవ ఏ పోటు మీద రేవుకు చేర్చాలో చెప్పేది అతనే. వాళ్లు 28 చిన్ననెలలను ఏడాదిగా పట్టుకుంటారు, అది 375.2 రోజులు, అసలు ఏడాది కంటే 2.6 రోజులు ఎక్కువ. అందుకని అయిదేళ్లకు ఒకసారి ఒక నెలను తీసేస్తారు.

పైవాళ్లు నెల కలుపుతారు, కిందివాళ్లు నెల కొట్టేస్తారు. ఈ ఒక్క వాక్యం నాకు మూడు అధ్యాయాలు ఇచ్చింది. కొండ మీది షావుకారు దగ్గర నెలవారీ వడ్డీకి అప్పు తెచ్చుకున్న పడవవాడికి ఆ కలిపిన నెలకు కూడా వడ్డీ పడుతుంది. రేవులో నెల జీతానికి కుదిరిన కొండ కుర్రవాడికి కొట్టేసిన నెల జీతం ముట్టదు. తాను పనిచేసిన రోజులు ఎక్కడికి పోయాయో అతనికి అర్థం కాదు, చెప్పేవాడు ఉండడు. మాయా నాగరికత వాళ్లు 260 రోజుల లెక్కనూ, 365 రోజుల లెక్కనూ ఏకకాలంలో నడిపి, 18,980 రోజులకు, అంటే 52 ఏళ్లకు, అవి మళ్లీ మొదటి జతకు చేరడాన్ని ఒక పెద్ద చుట్టుగా లెక్కించేవారు. అక్కడ ఆ రెండింటినీ నడిపింది ఒకే జనం. ఏడుమెట్లలో ఇద్దరు చంద్రులకు ఇద్దరు జనాలు. మధ్య మెట్టు మీది గుడి దండోరా వేయించి పొట్టిజంటను ప్రకటిస్తుంది. ప్రకటన కొండకు అనుకూలంగా వచ్చిందని రేవు, రేవుకు అనుకూలంగా వచ్చిందని కొండ, ప్రతి పన్నెండేళ్లకూ గొణుగుతూనే ఉంటాయి. పూర్వపద్ధతి పంచాంగం ఒక రోజు, దృగ్గణిత పంచాంగం మరో రోజు చూపిన పండుగను రెండు రోజులూ సెలవు పెట్టి జరుపుకున్న మనకు దీన్ని విడమరచి చెప్పనక్కరలేదు.

వారాల గురించి ఒక చిన్న ముచ్చట చెప్పాలి, ఎందుకంటే అక్కడే నేను అన్నిటికంటే ఘోరంగా దెబ్బతిన్నాను. మన వారాల వరుస హోరల నుంచి వచ్చింది. శని, గురు, కుజ, రవి, శుక్ర, బుధ, చంద్ర అనే వరుసలో గంటకు ఒక గ్రహం అధిపతి. సూర్యోదయపు మొదటి హోరకు అధిపతి ఎవరైతే ఆ రోజు వారిది. 24ను ఏడుతో భాగిస్తే మూడు మిగులుతుంది కనుక శని నుంచి మూడు అడుగులు వేస్తే రవి, రవి నుంచి మూడు అడుగులు వేస్తే చంద్రుడు. అందుకే శనివారం తర్వాత ఆదివారం, ఆ తర్వాత సోమవారం. నేను చినమామను కూడా చేర్చి అధిపతులను ఎనిమిది మందిని చేశాను, ఎనిమిది రోజుల వారం అని గర్వంగా రాశాను. 24ను ఎనిమిదితో భాగిస్తే ఏమీ మిగలదు. ప్రతి సూర్యోదయమూ శనిదే. నా సీమలో కొన్ని వేల ఏళ్లుగా రోజూ శనివారమే! కంగారులో రోజుకు ఇరవై గంటలు చేశాను. అప్పుడు నాలుగు మిగిలి, శనివారమూ, మరొక వారమూ మాత్రమే ఒకదాని తర్వాత ఒకటి వచ్చాయి. చివరికి ఇరవై ఒక్క గంటల దగ్గర లోకం కుదుటపడింది.

ఇక చివరి మాట, పెళ్లి అధ్యాయం. మన ఇళ్లలో ఏ శుభకార్యమైనా సంకల్పంతో మొదలవుతుంది, అందులో పురోహితుడు కాలాన్నీ దేశాన్నీ వరుసగా చెబుతాడు. "అస్మిన్ వర్తమాన వ్యావహారిక చాంద్రమానేన" అన్న మాట మీరు ఎన్నిసార్లు విని ఉంటారో. నేనూ వందసార్లు విన్నాను, ఈ నవల రాసేదాకా ఆ మాట నా చెవిలో ఆగలేదు. ఈ లెక్క చంద్రుడిది, సూర్యుడిది కాదు అని ముందుగా ఒప్పుకున్నాకే సంవత్సరం పేరు, అయనం, ఋతువు, మాసం, పక్షం, తిథి చెబుతున్నారు. ఇద్దరు చంద్రులున్న చోట ఆ మాట ఎలా ఉండాలి?

నా కథలో కొండ మీది కుర్రవాడికీ రేవు పిల్లకూ మధ్య మెట్టు గుడిలో పెళ్లి. జంటపున్నమి రాత్రి కనుక ముహూర్తం మీద తగవు లేదు, ఇద్దరు మామలూ నడినెత్తి మీద నిండుగా ఉన్నారు. కొండవాళ్ల లెక్కలో అది ఏడో నెల, రేవువాళ్ల లెక్కలో పదిహేడో నెల. పురోహితుడు నీళ్లు చేతిలోకి తీసుకుని సంకల్పం మొదలుపెట్టి, "వ్యావహారిక" అన్న మాట దాకా వచ్చి ఆగాడు. పిల్ల తండ్రి పురోహితుడి పెదవుల వైపు చూస్తున్నాడు. పిల్లవాడి తండ్రి కూడా అటే చూస్తున్నాడు. పురోహితుడు దగ్గాడు, అరచేతిలోంచి నీళ్లు కారిపోతున్నాయి, పందిరి కింద ఎవరూ మాట్లాడటం లేదు. ఆ దగ్గు తర్వాత ఆయన ఏ మాట అన్నాడన్నది నేను ఇప్పటికి నాలుగు రకాలుగా రాసి కొట్టేశాను.

సెలవు. నమస్కారం.